ఇరవై ఏళ్ళు నిండాయి, దిగిపోవచ్చా?

సర్వీసు సలహాలు: పాఠకుల ప్రశ్నలు, మా జవాబులు

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం స్వచ్ఛంద పదవీ విరమణ గురించే. 2022 జనవరి 1 నుంచి రాష్ట్ర ఉద్యోగుల విరమణ వయసు 62 అయింది. అంతదాకా లాగలేమనేవాళ్ళు, కొబ్బరితోటో చేపల చెరువో చూసుకోవాలనుకునేవాళ్ళు, పిల్లల దగ్గరికి వెళ్ళిపోవాలనుకునేవాళ్ళు రాశారు. ఒకేలాంటి ప్రశ్నలను కలిపేశాం. విడిగా చెప్పని చోటల్లా మేం మాట్లాడేది ఆంధ్రప్రదేశ్ సవరించిన పింఛను నిబంధనలు, 1980 గురించే.

ప్రశ్న: జిల్లా పరిషత్ హైస్కూల్లో స్కూల్ అసిస్టెంటుని. సర్వీసు 24 ఏళ్ళ 4 నెలలు. హెడ్మాస్టరుగారేమో పైనుంచి ఆర్డరు రానిదే కదలడానికి లేదంటున్నారు. యూనియన్ నాయకుడేమో నోటీసిచ్చి మూడు నెలలాగితే చాలు, ఎవరి అనుమతీ అక్కర్లేదంటున్నారు. ఎవరి మాట వినాలి? (రాజోలు)

ఇద్దరూ సగం సగం చెప్పారు. మీకు వర్తించేది 43వ నిబంధన. పింఛనుకు లెక్కకొచ్చే సర్వీసు 20 ఏళ్ళు నిండిన ఉద్యోగి, నియామకాధికారికి మూడు నెలలకు తగ్గకుండా రాతపూర్వక నోటీసిచ్చి విరమించుకోవచ్చు. ఆ నోటీసును నియామకాధికారి ఆమోదించాలి. ఇంతవరకూ మీ హెడ్మాస్టరుగారి మాటే. అయితే ఆ వెంటనే ఒక మినహాయింపు ఉంది: నోటీసు గడువు ముగిసేలోగా అధికారి నిరాకరించకపోతే, గడువు ముగిసిన నాటి నుంచి విరమణ దానంతటదే అమల్లోకి వస్తుంది. మీ యూనియన్ నాయకుడు ఈ ముక్కే పట్టుకున్నారు.

అంటే అధికారికి కాదనే అవకాశం ఉంది, కానీ గడువులోగా కాదనాలి. ఫైలు బీరువాలో పడి ఉండటం నిరాకరణ కాదు. ‘పరిశీలనలో ఉంది’ అన్న జవాబూ నిరాకరణ కాదు. మీ నోటీసు మీద ఆఫీసు నోట్‌లో ‘వద్దు’ అని రాసుకుని మీకు చెప్పకపోయినా లాభం లేదు, గడువు దాటకముందే ఆ సంగతి మీకు తెలియజేయాలి. ఇలాంటి నియమాల మీదే సుప్రీంకోర్టు బి.జె. షెలాత్ కేసులో (1978), టేక్ చంద్ కేసులో (2001) ఇదే చెప్పింది.

బలమంతా తేదీల్లోనే ఉంది కాబట్టి నోటీసు రాసేటప్పుడు జాగ్రత్త పడాలి. ‘ఆరోగ్యం బాగాలేక పదవీ విరమణ కోరుకుంటున్నాను, దయచేసి అనుమతించగలరు’ అని రాస్తే అది నోటీసు కాదు, అర్జీ. అర్జీకి గడువు ఉండదు. ఇలా రాయండి: ‘1980 పింఛను నిబంధనల్లోని 43వ నిబంధన కింద ఇది మూడు నెలల నోటీసు. నాకు లెక్కకొచ్చే సర్వీసు 24 సంవత్సరాల 4 నెలలు పూర్తయింది. ఫలానా తేదీ అపరాహ్నం నుంచి స్వచ్ఛందంగా విరమిస్తున్నాను.’ నిబంధన నంబరు, సర్వీసు, తేదీ, పూర్వాహ్నమా అపరాహ్నమా అన్న మాట, ఈ నాలుగూ ఉండాలి. కారణం రాయాల్సిన పని లేదు. రాసినకొద్దీ ప్రశ్నలు పుడతాయి.

మూడు నెలలు మీరు సంతకం చేసిన రోజు నుంచి కాదు, నియామకాధికారి ఆఫీసుకు చేరిన రోజు నుంచి లెక్కపెట్టుకోండి. మధ్యలో ఏ ఆఫీసులోనైనా రెండు వారాలు ఆగిపోతే ఆ రెండు వారాలూ పోయినట్టే. అందుకే నోటీసు హెడ్మాస్టరు ద్వారా పంపుతూనే, ఒక ముందస్తు ప్రతిని నేరుగా డీఈవో (జిల్లా విద్యాధికారి) ఆఫీసు ఇన్‌వార్డు సెక్షన్‌లో ఇచ్చి, మీ దగ్గరుండే కాపీ మీద ముద్ర, నంబరు, తేదీ వేయించుకోండి. ఇంకో ప్రతి చేరినట్టు రుజువు ఉండేలా స్పీడ్ పోస్టులో పంపండి. విరమణ తేదీని మూడు నెలలకు సరిగ్గా కాకుండా పది, పదిహేను రోజులు అదనంగా కలిపి పెట్టుకుంటే ఎవరూ ‘ఒకరోజు తగ్గింది’ అనలేరు.

ఎవరికివ్వాలన్నది మన జిల్లాల్లో ఇప్పుడు నిజంగానే చిక్కు. 2022 ఏప్రిల్ 4న తూర్పు గోదావరి కాకినాడ, కోనసీమ, తూర్పు గోదావరి జిల్లాలైంది. పశ్చిమం ఏలూరు, పశ్చిమ గోదావరిగా విడిపోయింది. మిమ్మల్ని నియమించిన ఆఫీసు ఒక ఊళ్ళో, ఇప్పుడు జీతమిచ్చే ఆఫీసు ఇంకో ఊళ్ళో ఉండొచ్చు. నోటీసు పైన ‘నియామకాధికారి గారికి’ అని హోదాతో రాసి, అమలాపురం ఆఫీసుకూ ఉమ్మడి జిల్లా ఆఫీసుకూ ఒకే రోజు ఇవ్వండి. తపాలా ఖర్చు వంద రూపాయలైతే, తప్పు ఆఫీసుకిచ్చి మళ్ళీ మూడు నెలలు మొదలుపెట్టే ఖర్చు ఎక్కువ.

గడువు ముగిసినా ఆర్డరు రాకపోతే మర్నాడు బడికెళ్ళి సంతకం పెట్టకండి. అలవాటుకొద్దీ పెట్టేవాళ్ళున్నారు. పెట్టి, జీతం కూడా తీసుకుంటే విరమించలేదని మీరే ఒప్పుకున్నట్టు అవుతుంది. చివరి రోజు సాయంత్రం చార్జి అప్పగించి, చార్జి బదిలీ పత్రం మీద ఇద్దరూ సంతకాలు చేసి, ‘43వ నిబంధన ప్రకారం గడువులోగా నిరాకరణ రానందున ఈ రోజుతో విరమించాను’ అని ఇన్‌వార్డు నంబరుతో సహా రాసి పంపండి. తర్వాత ‘గైర్హాజరు మెమో’ వచ్చినా జవాబు సిద్ధంగా ఉంటుంది.

ప్రశ్న: సీనియర్ అసిస్టెంటుని, 20 ఏళ్ళు దాటింది. వీఆర్ఎస్ (స్వచ్ఛంద విరమణ) తీసుకుంటే సర్వీసుకు ఐదేళ్ళు కలుపుతారంటున్నారు. మరి నాకు 62 దాకా ఉన్నవాళ్ళంత పింఛను వస్తుందా? చేతికెంత వస్తుంది? (నరసాపురం)

అంత రాకపోవచ్చు. ఐదేళ్ళు కలుపుతారన్నది నిజమే, 29వ నిబంధన. కానీ దానికి మూడు కట్టుబాట్లున్నాయి. కలిపిన తర్వాత మొత్తం 33 ఏళ్ళు దాటకూడదు. మీకు 62 నిండే తేదీకి మించి కలపరు, అంటే 60 ఏళ్ళకు దిగిపోయేవారికి రెండేళ్ళే. మూడోది చాలామంది మర్చిపోయేది: ఈ ఐదేళ్ళు కలుపుకుని 20 ఏళ్ళు చూపించడానికి లేదు. 20 ఏళ్ళు నిజంగా చేసినవే అయ్యుండాలి.

లెక్క అర్ధ సంవత్సరాల్లో జరుగుతుంది. మూడు నెలలు, ఆపైన ఉన్న ముక్కను ఒక అర్ధ సంవత్సరంగా తీసుకుంటారు. నిండు పింఛనుకు 66 అర్ధ సంవత్సరాలు కావాలి, అప్పుడు చివరి మూల వేతనంలో సగం. లెక్క తేలిగ్గా ఉండటానికి మూల వేతనం 66,000 అనుకుందాం. ఒక్కో అర్ధ సంవత్సరానికి 500 రూపాయలు పడుతుంది. ఉదాహరణకు పై ప్రశ్నలోని 24 ఏళ్ళ 4 నెలలంటే 49 అర్ధ సంవత్సరాలు, పింఛను 24,500. ఐదేళ్ళు కలిస్తే 59, అప్పుడు 29,500. పూర్తి సర్వీసు ఉంటే 33,000 వచ్చేది. ఉద్యోగంలో ఉంటే ఇకముందు కలిసే ఇంక్రిమెంట్లు, కొత్త పీఆర్సీ (వేతన సవరణ) లాభం ఇందులో లేవు, అవి వదులుకున్నట్టే. కలిపిన ఐదేళ్ళకు ఊహాజనితంగా జీతం పెంచి లెక్కగట్టరు.

ఈ పింఛనులో 40 శాతం వరకూ కమ్యూటేషన్ కింద, అంటే ప్రభుత్వానికి అమ్ముకుని, ఆ సొమ్ము ఒకేసారి తీసుకోవచ్చు. 29,500లో 11,800 అమ్ముకుంటే నెలనెలా 17,700 మిగులుతుంది. కరువు భృతి మాత్రం కమ్యూటేషన్‌కు ముందున్న 29,500 మీదే కడతారు. అమ్ముకున్న భాగం 15 ఏళ్ళకు తిరిగి వస్తుంది. విరమించిన ఏడాదిలోపు దరఖాస్తు పెడితే వైద్య పరీక్ష అక్కర్లేదు. ఏడాది దాటితే మెడికల్ బోర్డు ముందుకు వెళ్ళాలి.

గ్రాట్యుటీ ఒక్కో అర్ధ సంవత్సరానికి జీతంలో నాలుగో వంతు. పై లెక్కలో 16,500ను 59తో హెచ్చిస్తే 9,73,500. గరిష్ఠం 16 లక్షలు. సంపాదిత సెలవు 300 రోజుల వరకూ నగదు. ఆఫీసు ఉద్యోగులకు ఏడాదికి 30 రోజులు జమవుతుంది కాబట్టి ఇది పెద్ద మొత్తమే. వేసవి సెలవులు వాడుకునే టీచర్లకు ఏడాదికి ఆరు రోజులే గనక వాళ్ళు దీని మీద ఆశ పెట్టుకోకూడదు. జీపీఎఫ్ (భవిష్యనిధి), ఏపీజీఎల్ఐ (ప్రభుత్వ జీవిత బీమా), గ్రూపు ఇన్సూరెన్సు వేరువేరు దరఖాస్తులు. ఇంటి అప్పు లాంటి ప్రభుత్వ బకాయిలు గ్రాట్యుటీలోంచి పోతాయి.

మరో మాట. పింఛను చివరి జీతం మీద కట్టేది. మీ వార్షిక ఇంక్రిమెంటు వచ్చే నెలకు ముందు నెలాఖరున దిగిపోవడం ఎవరూ బలవంతపెట్టని నష్టం. తేదీ ఎంచుకునే ముందు ఎస్.ఆర్. (సర్వీసు రిజిస్టరు)లో ఇంక్రిమెంటు నెల చూసుకోండి.

ప్రశ్న: వ్యవసాయ శాఖలో పనిచేస్తున్నాను. నోటీసిచ్చి నెలైంది. ఈలోగా రొయ్యల చెరువు లీజుకు మాట్లాడుకుని అడ్వాన్సిచ్చాను, అగ్రిమెంటు నా పేరునే. ఇబ్బందేమైనా ఉందా? (ఆకివీడు)

ఉంది. నోటీసు కాలంలో మీరు పూర్తిస్థాయి ఉద్యోగే. 1964 ప్రవర్తనా నియమావళి చివరి రోజు సాయంత్రం దాకా మీకు వర్తిస్తుంది. అనుమతి లేకుండా సొంతంగా వ్యాపారం చేయడం అందులో తప్పు. పొరుగు చెరువువాడితో ఉప్పునీటి పేచీ వస్తే మొదట పడేది మీ మీద ఆకాశరామన్న ఉత్తరమే. దాని మీద విచారణ మొదలైతే నోటీసు నిరాకరించడానికి అధికారికి కారణం దొరికినట్టు. అగ్రిమెంటు రద్దు చేసుకుని, విరమణ తేదీ దాటాక తిరిగి రాయించుకోండి. సీడు వేయడం నెల ఆగినా ఫర్వాలేదు.

ప్రశ్న: నా మీద క్రమశిక్షణ (సీసీఏ) నియమాల్లోని 20వ నిబంధన కింద అభియోగ పత్రం ఉంది. విచారణ తెమలడం లేదు. వీఆర్ఎస్ ఇస్తే పీడ వదులుతుందా? (మండపేట)

వదలదు. పెద్ద శిక్ష పడదగ్గ క్రమశిక్షణ చర్య నడుస్తున్నా, తలపెట్టినా, కోర్టు కేసు ఉన్నా, సస్పెన్షన్‌లో ఉన్నా అధికారి నోటీసును నిరాకరించడమే రివాజు. ఒకవేళ పొరపాటున గడువు దాటిపోయి మీరు బయటపడ్డా విచారణ మీ వెంట వస్తుంది. పింఛను నిబంధనల్లోని 9వ నిబంధన కింద పింఛను తగ్గించే, ఆపే అధికారం ప్రభుత్వానికి ఉంది. విచారణ తేలేదాకా తాత్కాలిక పింఛనే వస్తుంది, గ్రాట్యుటీ ఆగుతుంది. మీకు పనికొచ్చేది విచారణాధికారిని త్వరగా ముగించమని రాతపూర్వకంగా ఒత్తిడి చేయడం, అవసరమైతే హైకోర్టు నుంచి గడువు తెచ్చుకోవడం.

ప్రశ్న: ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో డాక్టరుని. నోటీసు ఇచ్చిన రెండో నెలలోనే ‘ప్రజాహితం దృష్ట్యా’ నిరాకరిస్తూ మెమో వచ్చింది. ఇది నా హక్కు కాదా? (ముమ్మిడివరం వైపు)

హక్కే, కానీ నిరపేక్షమైన హక్కు కాదు. ఎక్కడి నియమం ఏమంటుందన్న దాన్నిబట్టి కోర్టులు వేర్వేరుగా చెప్పాయి. అస్సాం నియమంలో ఆమోదం అన్న మాటే లేదు గనక దినేశ్ చంద్ర సంగ్మా కేసులో (1977) ఉద్యోగి నోటీసిస్తే చాలంది సుప్రీంకోర్టు. మన 43వ నిబంధనలో ఆమోదం ఉంది. ఇక 2018లో ఉత్తరప్రదేశ్ వర్సెస్ అచల్ సింగ్ కేసు డాక్టర్లదే. వైద్యుల కొరత ఉన్నప్పుడు ప్రజాహితం కోసం విరమణ నిరాకరించవచ్చని కోర్టు సమర్థించింది. మీకొచ్చిన మెమో ఆ దారిలోదే.

అయినా చూడాల్సినవి రెండున్నాయి. మెమో మీద సంతకం చేసింది మీ నియామకాధికారేనా, లేక జిల్లా స్థాయి అధికారా? కింది అధికారి నిరాకరణ నిరాకరణ కాదని వాదించవచ్చు. రెండోది, అందులో కారణం రాశారా? మీ కేంద్రంలో ఎన్ని పోస్టులు మంజూరయ్యాయి, ఎంతమంది ఉన్నారు అన్నది సమాచార హక్కు చట్టం కింద అడిగి, ఖాళీ లేదని తేలితే ఆ కాగితంతో మళ్ళీ నోటీసివ్వండి. ఊరికే డ్యూటీ మానేస్తే మాత్రం అది అనధికార గైర్హాజరు, ఉన్న పింఛనుకే ఎసరు.

ప్రశ్న: నోటీసిచ్చాక మనసు మారింది. వెనక్కి తీసుకోవచ్చా? (పాలకొల్లు)

విరమణ తేదీకి ముందే రాతపూర్వకంగా అడగాలి, నియామకాధికారి ప్రత్యేకంగా ఒప్పుకోవాలి. కారణం సహేతుకంగా ఉంటే ఊరికే కాదనకూడదని బలరాం గుప్తా కేసులో (1987) సుప్రీంకోర్టు చెప్పింది. ఆమోదం వచ్చేసినా తేదీ రానంతవరకూ అడగొచ్చు. తేదీ దాటితే ఇక లేదు.

ప్రశ్న: పంచాయతీ ఎన్నికల్లో సర్పంచిగా నిలబడాలని ఉంది. నోటీసిచ్చి నామినేషన్ వేయవచ్చా? (కొత్తపేట)

నోటీసు ఇచ్చి ఉండటం చాలదు, విరమణ అమల్లోకి వచ్చి ఉండాలి. మీ అర్హతను సాధారణంగా చూసేది నామినేషన్ల పరిశీలన రోజుకు. ఆ రోజుకు మీరు ఇంకా ఉద్యోగే అయితే నామినేషన్ తిరస్కరిస్తారు. ఎన్నికల నోటిఫికేషన్ వచ్చాక మూడు నెలలు దొరకవు. గడువు తగ్గించమని కారణాలతో రాతపూర్వకంగా అడగొచ్చు. అయితే ఒప్పుకోవడం అధికారి ఇష్టం, ఒప్పుకుంటే మూడు నెలలు పూర్తయ్యేదాకా కమ్యూటేషన్‌కు దరఖాస్తు పెట్టనని కూడా రాయాలి. పైన చెప్పిన టేక్ చంద్ కేసు కూడా ఎన్నికలదే. ఉద్యోగి అన్న కారణంతో నామినేషన్ తిరస్కరించారు, నోటీసు గడువులో నిరాకరణ చెప్పలేదు కాబట్టి అప్పటికే విరమించినట్టేనని తేల్చింది కోర్టు. అయితే ఆ తీర్పు వచ్చేసరికి ఆ ఎన్నిక ఏనాడో అయిపోయింది. గెలుపు మీద ఆశ ఉన్నవాళ్ళు కోర్టు మీద కాక క్యాలెండరు మీద ఆధారపడాలి. ఆమోదపు ఉత్తర్వు, చార్జి అప్పగింత పత్రం నామినేషన్‌తో పాటు జతచేయండి.

ప్రశ్న: ఇదంతా ఎందుకు, రాజీనామా చేసేస్తే? (తణుకు)

పొరపాటున కూడా వద్దు. రాజీనామా ఆమోదిస్తే గత సర్వీసంతా రద్దవుతుంది, పింఛను లేదు. 20 ఏళ్ళు పైబడ్డవారికి కూడా అంతే. సర్వీసు ఎంతన్నది కాదు, కాగితం మీద ఏం రాశారన్నదే చూస్తారు. 2019లో సుప్రీంకోర్టు ఢిల్లీ విద్యుత్ ఉద్యోగి కేసులో ఈ మాటే మళ్ళీ చెప్పింది.

ప్రశ్న: వీఆర్ఎస్ తీసుకుంటే మా అబ్బాయికి ఉద్యోగం ఇస్తారా? (రామచంద్రపురం)

ఇవ్వరు. కారుణ్య నియామకం ప్రధానంగా ఉద్యోగి సర్వీసులో ఉండగా మరణించినప్పటి మాట.

ప్రశ్న: 2005లో చేరాను, సీపీఎస్ (కాంట్రిబ్యూటరీ పింఛను పథకం). ఇప్పుడు 20 ఏళ్ళు నిండాయి. పై నిబంధనలు నాకూనా? (భీమవరం)

పింఛను విషయంలో కాదు. 2004 సెప్టెంబరు 1న గానీ ఆ తర్వాత గానీ చేరినవారికి 1980 నిబంధనల పింఛను లేదు గనక ఐదేళ్ళ కలుపుడు, కమ్యూటేషన్ లెక్కలు మీకు పట్టవు. మీకొచ్చేది ప్రాన్ ఖాతాలో (మీ పేరున ఉన్న పింఛను ఖాతాలో) ఉన్న సొమ్ము. సాధారణ విరమణగా మూస్తే 60 శాతం చేతికి, 40 శాతం యాన్యుటీకి (నెలనెలా పింఛనిచ్చే పథకానికి). గడువుకు ముందు వైదొలగినట్టు మూస్తే తిరగబడుతుంది: 80 శాతంతో యాన్యుటీ కొనాలి, చేతికి 20 శాతమే. ఖాతాలో 30 లక్షలుంటే తేడా 12 లక్షలు. కాబట్టి నోటీసుకు ముందే మీ డీడీవో (జీతాల బిల్లులు పెట్టే అధికారి) ద్వారా ట్రెజరీ నుంచి ‘ఏ పద్దు కింద మూస్తారు’ అన్నది రాతపూర్వకంగా తెప్పించుకోండి. మాట మీద నమ్మకం పెట్టుకుని నోటీసివ్వకండి.

ప్రశ్న: నీటిపారుదల శాఖలో 1994 నుంచి పనిచేస్తున్నాను. 1996 నవంబరు తుఫానులో మా ఆఫీసు రికార్డులు తడిసి, నా ఎస్.ఆర్.లో మొదటి రెండేళ్ళ పేజీలు చెరిగిపోయాయి. పైగా మధ్యలో జీతం లేని సెలవు పెట్టాను. నోటీసివ్వమంటారా? (అమలాపురం)

ఇప్పుడే ఇవ్వకండి. ముందు ఎస్.ఆర్. సరిచేయించుకోండి. ఫైలు తిరిగి రావడానికి పెద్ద కారణం అదే.

మొదట మీ ఆఫీసు హెడ్డుకు ‘లెక్కకొచ్చే సర్వీసు ఎంతో ధ్రువీకరించగలరు’ అని రాయండి. చెరిగిన రెండేళ్ళకు మీ నియామక ఉత్తర్వు, చేరిక రిపోర్టు, అప్పటి జీతాల బిల్లులు, అక్విటెన్స్ రిజిస్టరు (జీతం ముట్టినట్టు సంతకాల పుస్తకం), జీపీఎఫ్ స్లిప్పులు ఆధారాలవుతాయి. ఆఫీసు కాపీలు తడిసినా ట్రెజరీలోనూ పొరుగు సబ్‌డివిజన్‌లోనూ ఏదో ఒకటి దొరుకుతుంది. మీతోపాటు పనిచేసినవారి ఎస్.ఆర్.లలో ఆ ఏళ్ళ ఎంట్రీలూ పనికొస్తాయి. ఏదీ దొరకని కాలానికి తెల్లకాగితం మీద మీ వాంగ్మూలం రాసివ్వాలి. దాన్ని పరిశీలించి ఆఫీసు హెడ్డు ధ్రువీకరించి ఎస్.ఆర్.లో సంతకం, తేదీతో ఎంట్రీ వేయాలి.

జీతం లేని సెలవుల్లో డాక్టరు సర్టిఫికెట్ మీద పెట్టినవి సర్వీసులోకి వస్తాయి, ఊరికే పెట్టినవి రావు. ఏ కారణంతో మంజూరైందో ఎస్.ఆర్.లో రాయకపోతే ఆడిట్‌వాళ్ళు మీకు ప్రతికూలంగానే తీసుకుంటారు. సెలవు మంజూరు ఉత్తర్వు వెతికి ఆ పేజీకి అంటించండి. సస్పెన్షన్ కాలం ఉంటే దాన్ని డ్యూటీగా పరిగణించారా లేదా అన్న ఉత్తర్వు కూడా ఉండాలి.

పింఛను కాగితాలు ప్రభుత్వ ఉద్యోగులకు విజయవాడలోని ఏజీ (అకౌంటెంట్ జనరల్) ఆఫీసుకు, జిల్లా పరిషత్, మునిసిపల్ వారికి స్టేట్ ఆడిట్‌కు వెళ్తాయి. అక్కడివాళ్ళు మొదట తిప్పేది ఏడాదికోసారి వేయాల్సిన సర్వీసు వెరిఫికేషన్ ముద్రలనే. మధ్యలో ఒక్క ఏడాది ముద్ర లేకపోయినా ఆ ఒక్కదాని కోసం ఫైలు వెనక్కి పంపుతారు. మీరే ఎస్.ఆర్. చేత్తో పట్టుకుని, చేరిన ఏడాది నుంచి ఇప్పటిదాకా ప్రతి ఏటి ముద్రా ఉందో లేదో పెన్సిలుతో టిక్ పెట్టుకుంటూ చూడండి. లేని ఏడాదికి ఆ కాలంలో జీతమిచ్చిన డీడీవో చేతనే వేయించాలి. ఆయన రిటైరైతే ఆ సీటులో ఇప్పుడున్నవారు పాత బిల్లులు చూసి వేస్తారు.